అరెస్టు భయం ఉందా? ముందస్తు బెయిల్‌కి ఇలా వెళ్లండి

"సార్, మా తమ్ముడి కోసం పోలీసులు ఇంటికొచ్చి వెళ్లారంట. యాంటిసిపేటరీ వేసేద్దామా?"

రాత్రి పదింటికి ఇలాంటి ఫోన్ వస్తే నేను తిరిగి అడిగేది ఒకటే: "క్రైమ్ నంబరు ఎంత?" పదిమందిలో ఎనిమిది మంది దగ్గర దానికి జవాబు ఉండదు. ఏ స్టేషన్లో కేసు కట్టారో తెలియదు, ఏ సెక్షన్లు పెట్టారో తెలియదు. అసలు కేసు కట్టారో, ఎదుటివాళ్లు అర్జీ ఇస్తే పిలిచి మాట్లాడదామని వచ్చారో కూడా తెలియదు. ఉన్నదల్లా టెన్షన్. ఆ టెన్షన్లో తమ్ముణ్ణి బండెక్కించి ఏ మేనత్త ఊరికో పంపేస్తారు, ఫోన్ స్విచ్ఛాఫ్ చేయిస్తారు. కేసుకి మొదటి దెబ్బ అక్కడే తగులుతుంది. రేపు కోర్టులో పీపీ గారు, అంటే ప్రభుత్వం తరఫు లాయరు, లేచి "నిందితుడు పరారీలో ఉన్నాడు" అంటే కాదనడానికి మన దగ్గర ఏమీ ఉండదు.

జిల్లా కోర్టులో క్రిమినల్ కేసులు చూసుకునే లాయర్ని. ముందస్తు బెయిల్ తెచ్చుకోవడానికి ఏది ముందు, ఏది తర్వాత అన్నది ఇక్కడ వరసగా చెబుతాను. పిటిషన్ ఎలాగూ మీ లాయరే రాస్తారు. కానీ దానికి కావలసిన కాగితాల్లో సగం మీ బీరువాలోనే ఉంటాయి, ఆ సంగతి ఆయనకు తెలియదు.

ఒక విషయం ముందే మనసులో పెట్టుకోండి. ముందస్తు బెయిల్ అంటే మీరు నిర్దోషి అని కోర్టు ఇచ్చే సర్టిఫికెట్ కాదు. ఫలానా కేసులో ఈయన్ని అరెస్టు చేయాల్సి వస్తే జామీను తీసుకుని అక్కడికక్కడే వదిలేయండి అని పోలీసులకు ముందుగా ఇచ్చే ఆదేశం, అంతే. కాబట్టి జడ్జిగారు ముఖ్యంగా తూచేది ఈ మనిషిని లోపల పెట్టాల్సిన అవసరం ఏముంది అన్నది. పారిపోతాడా, సాక్షుల్ని బెదిరిస్తాడా, దర్యాప్తుకి అడ్డం పడతాడా? ఈ మూడింటికీ "లేదు" అని కాగితాలతో చూపించగలిగితే పని చాలావరకు అయినట్టే.

సెక్షన్ నంబర్ల గందరగోళం

పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్ (సీఆర్‌పీసీ)లో ముందస్తు బెయిల్ 438వ సెక్షన్. 2024 జులై 1 నుంచి అమల్లోకి వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత, అంటే బీఎన్‌ఎస్‌ఎస్‌లో 482 అయింది. తమాషా ఏమిటంటే పాత చట్టంలో 482 అంటే హైకోర్టులో కేసు కొట్టేయమని వేసే క్వాష్ పిటిషన్. ఇప్పుడు క్వాష్ 528కి మారింది. కోర్టు వరండాలో పాత అలవాటుతో ఎవరైనా "482 వేశాం" అంటే ఏది వేశారో విడమరిచి అడగండి. ఒకటి అరెస్టు నుంచి కాపాడేది, రెండోది కేసునే ఎత్తేయమనేది. క్వాష్ వేసినంత మాత్రాన అరెస్టు ఆగదు, హైకోర్టు విడిగా స్టే ఇస్తే తప్ప.

మొదటి పని: కేసు ఉందో లేదో తేల్చుకోండి

ఎఫ్ఐఆర్ కాపీ సంపాదించండి. కేసు కట్టిన 24 గంటల్లో ఎఫ్ఐఆర్‌ని పోలీసు వెబ్‌సైట్లో పెట్టాలని 2016లో సుప్రీంకోర్టు చెప్పింది. ఇంటర్నెట్ సరిగా లేని చోట్ల 72 గంటల వరకు వెసులుబాటు ఉంది. ఆంధ్రప్రదేశ్, తెలంగాణ రెండు చోట్లా పోలీసు సైట్లలో జిల్లా, స్టేషన్, సంవత్సరం పెట్టి వెతకొచ్చు. లైంగిక నేరాలు, పోక్సో లాంటి సున్నితమైన కేసులవి మాత్రం అక్కడ పెట్టరు. అలాంటప్పుడు ఆ స్టేషన్ పరిధి మేజిస్ట్రేట్ కోర్టులో మీ లాయరు కాపీ అప్లికేషన్ వేస్తారు. ఎఫ్ఐఆర్ ఎలాగూ అక్కడికి చేరాల్సిందే.

ఎఫ్ఐఆర్ లేకుండా పిటిషన్ వేయకూడదా? వేయొచ్చు. 1980లో గుర్‌బక్ష్ సింగ్ సిబ్బియా కేసులో అయిదుగురు జడ్జిల రాజ్యాంగ ధర్మాసనం ఆ మాట స్పష్టంగా చెప్పింది. సిబ్బియా పంజాబ్‌లో మంత్రిగా పనిచేసిన మనిషి. ఎఫ్ఐఆర్ లేకపోయినా అరెస్టు చేస్తారన్న భయానికి సరైన ఆధారం ఉంటే చాలు. అదే తీర్పులో ఇంకోటి కూడా ఉంది: ఊరికే "ఏ కేసులోనూ నన్ను పట్టుకోవద్దని చెప్పండి" అంటే కుదరదు. ఫలానా గొడవ, ఫలానా తేదీ, ఫలానా వాళ్లు ఫిర్యాదు చేస్తామని బెదిరిస్తున్నారు, ఇదిగో మెసేజ్ అని చూపించాలి. "ఎందుకో భయంగా ఉందండీ" అంటే పిటిషన్ నిలవదు.

రెండో పని: అసలు అవసరమా అని చూడండి

ఇక్కడే చాలామంది డబ్బు దండగ చేసుకుంటారు. ఎఫ్ఐఆర్‌లో ఉన్నవన్నీ బెయిలబుల్ సెక్షన్లే అయితే ముందస్తు బెయిల్ మాటే లేదు. జామీను ఇస్తే స్టేషన్లోనే వదిలేయాలి. అది మీ హక్కు. ఊళ్లో అందరూ స్టేషన్ బెయిల్ అనేది దీన్నే.

నాన్ బెయిలబుల్ అయినా గరిష్ఠ శిక్ష ఏడేళ్ల లోపు, లేదా ఏడేళ్లే అయితే 2014 నాటి అర్నేష్ కుమార్ తీర్పు మీ వెనక ఉంది. ఇలాంటి కేసుల్లో అరెస్టు ఎందుకు అవసరమో పోలీసులు కాగితం మీద కారణాలు రాయాలి. అవసరం లేదనుకుంటే హాజరు కమ్మని నోటీసు ఇవ్వాలి. పాత చట్టంలో 41ఏ నోటీసు, కొత్త దాంట్లో 35(3). స్టేషన్లలో ఇప్పటికీ 41ఏ అనే అంటారు. వరకట్న వేధింపుల కేసులు (పాత ఐపీసీ 498ఏ, దాని స్థానంలో వచ్చిన భారతీయ న్యాయ సంహిత, అంటే బీఎన్‌ఎస్‌లో 85), చీటింగ్ (పాత 420, కొత్త 318(4)) ఈ కోవలోకే వస్తాయి. నోటీసు ప్రకారం వెళ్లి సహకరిస్తున్నంత కాలం మామూలుగా అరెస్టు చేయరు. చేయాలంటే మళ్లీ కారణాలు రాయాలి. వెళ్లకపోతే మాత్రం ఆ రక్షణ పోతుంది. ఈ నోటీసు వాట్సాప్‌లో పంపితే చెల్లదని 2025లో సుప్రీంకోర్టు చెప్పింది. అలాగని వచ్చిన మెసేజ్‌ని చూసీచూడనట్టు వదిలేయకండి. లాయరుతో ఒక జవాబు రాయించి రిజిస్టర్డ్ పోస్టులో పంపండి. ఆ రసీదు రేపు పిటిషన్‌కి జత చేయడానికి పనికొస్తుంది.

నోటీసు చేతిలో ఉంది కదా, ఇక నిశ్చింత అనుకోవచ్చా? నా దగ్గరికొచ్చిన ఒక గట్టు తగాదా సంగతి చెబుతాను.

అన్నదమ్ముల పిల్లలు, పక్కపక్క పొలాలు. ఒకాయన గట్టు మూడడుగులు జరిపాడని గొడవ, మాటా మాటా పెరిగి పార చేతికొచ్చింది. కేసు కట్టింది బీఎన్‌ఎస్ 118(1), అంటే ఆయుధంతో గాయపరచడం, మూడేళ్ల వరకు శిక్ష. ఎస్ఐ గారు నోటీసు ఇచ్చారు, మా క్లయింటు వెళ్లి సంతకం పెట్టి వచ్చాడు. ఇంట్లో అందరూ ఊపిరి పీల్చుకున్నారు. రెండు వారాల తర్వాత ఆసుపత్రి నుంచి వూండ్ సర్టిఫికెట్ (గాయాల నివేదిక) వచ్చింది. అందులో ముంజేతి ఎముక విరిగింది, తీవ్ర గాయం అని ఉంది. పోలీసులు మేజిస్ట్రేట్ కోర్టులో ఆల్టరేషన్ మెమో వేసి 118(1)ని 118(2)గా మార్చారు. దీనికి కనీసం ఏడాది, పైన పదేళ్లు, యావజ్జీవం దాకా ఉంది. ఏడేళ్ల గీత దాటింది, నోటీసు ధైర్యం కాస్తా పోయింది. వీళ్లకు ఆ కబురు తెలిసింది కానిస్టేబుల్ మళ్లీ గుమ్మంలోకి వచ్చాకే.

అందుకే కొట్లాట కేసుల్లో ఎదుటివాళ్లకు తగిలిన దెబ్బ ఏపాటిదో మీకు తెలుసు కాబట్టి, ఎఫ్ఐఆర్‌లో ఇవాళ ఏ సెక్షన్ ఉందన్నదానికన్నా రేపు సర్టిఫికెట్‌లో ఏం రాబోతోందో ఆలోచించి నిర్ణయించుకోండి. వారానికోసారైనా లాయరు గుమాస్తా చేత మేజిస్ట్రేట్ కోర్టులో మెమో ఏమైనా పడిందా అని చూపించండి.

ఏ కేసుల్లో తలుపు మూసి ఉంటుంది

పదహారేళ్ల లోపు ఆడపిల్లపై అత్యాచారం, పద్దెనిమిదేళ్ల లోపు ఆడపిల్లపై సామూహిక అత్యాచారం కేసుల్లో ముందస్తు బెయిల్ లేదని చట్టమే చెబుతోంది. ఉగ్రవాద కేసులకు వాడే ఉపా చట్టం కింద కట్టిన వాటిలోనూ లేదు. ఎస్సీ, ఎస్టీ అత్యాచారాల నిరోధక చట్టంలో 18వ సెక్షన్ అడ్డంగా ఉంటుంది. అయితే ఫిర్యాదు మొత్తం చదివినా ఆ చట్టం కింద నేరం పైకి కనిపించకపోతే ఆ అడ్డంకి వర్తించదని సుప్రీంకోర్టు 2020లోనూ, 2024లోనూ చెప్పింది. ఉదాహరణకు కులం పేరుతో అవమానించారన్న ఆరోపణ ఉంటే, అది జనం చూసేచోట జరిగిందని ఫిర్యాదులో ఉందా లేదా అన్నది పట్టి చూస్తారు. ఇది సన్నని దారి. "ఎలాగోలా వచ్చేస్తుంది" అని ఎవరైనా హామీ ఇస్తే నమ్మకండి. ఈ కేసుల్లో బాధితుల వాదన కూడా కోర్టు వినాల్సిందే. ప్రత్యేక కోర్టు ఆర్డరు మీద పైకి వెళ్లాలంటే హైకోర్టులో 14ఏ కింద అప్పీలు వేసుకోవాలి.

మీమీద ఇప్పటికే నాన్ బెయిలబుల్ వారెంటు నడుస్తూ, దొరకడం లేదని కోర్టు ప్రకటన కూడా ఇచ్చేసి ఉంటే మామూలుగా ముందస్తు బెయిల్ ఇవ్వరు. ముందు వారెంటు రీకాల్ చేయించుకునే దారి చూడండి. పీడీ యాక్ట్ కింద ముందుజాగ్రత్తగా పెట్టే నిర్బంధానికి ఈ పిటిషన్ పనికిరాదు, దాని దారి వేరు. గంజాయి కేసుల్లో, పెద్ద ఆర్థిక నేరాల్లో నిషేధం లేదు గానీ చాలా కష్టం. 2019లో పి.చిదంబరం అంతటి లాయరు అడిగినా ఈడీ కేసులో సుప్రీంకోర్టు ఇవ్వలేదు.

మూడో పని: ఏ కోర్టు

మేజిస్ట్రేట్ కోర్టుకి ఈ అధికారం లేదు. సెషన్స్ కోర్టు, హైకోర్టు రెండింటికీ ఉంది. ముందు కేసు కట్టిన స్టేషన్ ఏ జిల్లాదో ఆ జిల్లా సెషన్స్ కోర్టుకే వెళ్లండి. హైదరాబాద్ నగరం కేసైతే నాంపల్లి మెట్రోపాలిటన్ సెషన్స్. నేరుగా హైకోర్టుకి వెళితే "కింద ఎందుకు వేయలేదు" అన్న ప్రశ్నకు గట్టి కారణం చూపించాలి. ఇంకో లెక్క కూడా ఉంది: కింద కొట్టేస్తే పైన ఇంకో అవకాశం మిగులుతుంది. పైన కొట్టేశాక కిందికి రావడం కుదిరే పని కాదు. పెద్ద లాయర్ని పెట్టి మొదటి రోజే హైకోర్టుకి పరిగెత్తించే బంధువులు ప్రతి ఇంట్లో ఒకరుంటారు. ఆయనకు టీ ఇచ్చి కూర్చోబెట్టండి.

మీరుండేది హైదరాబాద్‌లో, కేసు ముంబైలోనో బెంగళూరులోనో కట్టారనుకోండి. ఆ పోలీసులు ఇక్కడికొచ్చి పట్టుకెళతారన్న భయం ఉంటే, అక్కడి కోర్టుకి చేరేంతవరకు కొద్ది రోజుల రక్షణ ఇక్కడి కోర్టులో అడగొచ్చు. దీన్ని ట్రాన్సిట్ బెయిల్ అంటారు. 2023 నవంబరులో ప్రియా ఇండోరియా కేసులో సుప్రీంకోర్టు దీనికి షరతులతో ఒప్పుకుంది. ఇక్కడి కోర్టుకే ఎందుకు వచ్చారో నిజమైన కారణం ఉండాలి. ఆ కొద్ది రోజులయ్యాక అక్కడికి వెళ్లక తప్పదు.

నాలుగో పని: పిటిషన్‌కి సరుకు

వకాల్తా, పిటిషన్, ఎఫ్ఐఆర్ కాపీ, మీ ఆధార్. ఇవి అందరూ పెడతారు. బెయిల్ తెచ్చేవి తర్వాతి కాగితాలు. ఆ గట్టు కేసులోనే మేం ఏం చేశామో చెబుతాను, మీ కేసుకి ఎలా వెతుక్కోవాలో అర్థమవుతుంది.

ఎఫ్ఐఆర్‌లో నలుగురి పేర్లున్నాయి. ఏ1, అంటే మొదటి నిందితుడు, పారతో కొట్టాడు, మిగతావాళ్లు "అందరూ కలిసి చేతులతో కొట్టారు" అని ఉంది. ఎవరు ఎక్కడ కొట్టారో లేదు. కాబట్టి ఏ2, ఏ3, ఏ4 లకి ఒక పిటిషన్, ఏ1కి విడిగా ఇంకోటి వేశాం. ఒకే గంపలో అందర్నీ వేస్తే ఏ1 బరువు మిగతా ముగ్గురి మీద పడుతుంది. గొడవ జరిగింది ఆదివారం, ఫిర్యాదు ఇచ్చింది బుధవారం. ఆ మూడు రోజుల ఆలస్యానికి ఎఫ్ఐఆర్‌లో కారణం రాయలేదు. అదొక పాయింటు. ఏ3 ఆ రోజు హైదరాబాద్‌లో డ్యూటీలో ఉన్నాడు. కంపెనీ హాజరు పట్టీ తెప్పించాం.

అసలైన కాగితం ఏ1 భార్య కొంగు ముడిలోంచి వచ్చింది. అదే రోజు ఏ1కి కూడా తలమీద నాలుగు కుట్లు పడ్డాయి. ఏరియా ఆసుపత్రి ఓపీ చీటీ, దానిమీద తేదీ, టైము. ఆ సంగతి ఎవరూ నాకు చెప్పలేదు. "అది మావాడికి తగిలిన దెబ్బ కదండీ, కేసు వాళ్లది కదా" అన్నారు. ఆ చీటీతో కథ మారిపోయింది: ఒకడు కొట్టిన కేసు కాస్తా రెండు వైపులా కొట్టుకున్న కేసైంది. వెంటనే ఎదురు ఫిర్యాదు ఇచ్చి ఉంటే ఇంకా బలంగా ఉండేది. ఆలస్యమైనా ఆ అర్జీని రిజిస్టర్డ్ పోస్టులో ఎస్పీ గారికి పంపించి, రసీదు జత చేశాం.

కాబట్టి లాయరు దగ్గరికి వెళ్లేటప్పుడు గొడవకి సంబంధించిన ప్రతి చిత్తుకాగితం పట్టుకెళ్లండి. ముఖ్యమో కాదో ఆయన్నే తేల్చనివ్వండి. పొలం తగాదా అయితే పాస్‌బుక్, సర్వే కాగితాలు, సివిల్ దావా ఉంటే దాని నంబరు. డబ్బు గొడవైతే బ్యాంకు స్టేట్‌మెంటు, ప్రామిసరీ నోటు, ఇంతకు ముందు కొంత తిరిగి ఇచ్చినట్టు ఆధారాలు. పెళ్లి గొడవైతే కౌన్సెలింగ్‌కి వెళ్లిన తేదీలు, విడిగా ఉంటున్నట్టు అద్దె కాగితాలు, అత్తమామల వైద్య రికార్డులు. సొంత ఇల్లు, ఉద్యోగం, చదువుకునే పిల్లలు: ఇవన్నీ మీరు ఎక్కడికీ పారిపోరని చూపించే వేళ్లు.

పాత కేసులుంటే దాచకండి. పోలీసులు తమ కౌంటర్లో, అంటే కోర్టుకిచ్చే జవాబులో, ఎలాగూ రాస్తారు. ఆ కేసుల్లో ఏమైందో, రాజీ అయిందా, కొట్టేశారా అన్నది మనమే ముందు రాస్తే జడ్జిగారికి మనమీద నమ్మకం ఉంటుంది. ఇంతకు ముందు ఎక్కడైనా ఇదే కేసులో బెయిల్ అడిగి ఉంటే అదీ చెప్పాలి.

విదేశాల్లో ఉన్నవాళ్లకు ఒక మాట. అమెరికాలోనో గల్ఫ్‌లోనో ఉండగా ఇక్కడ కేసు పడితే శంషాబాద్‌లో దిగగానే లుకౌట్ సర్క్యులర్ (ఈ మనిషి కనిపిస్తే ఆపమని ఎయిర్‌పోర్టులకు పంపే నోటీసు) ఉందని ఆపేస్తారేమో అన్న భయం నిజమే. వకాల్తా మీద అక్కడి భారత కాన్సులేట్‌లో ధ్రువీకరణ చేయించి పంపండి. తిరుగు ప్రయాణం టికెట్టు, ఉద్యోగం కాగితాలు, ఫలానా తేదీకి వచ్చి దర్యాప్తుకి హాజరవుతానన్న హామీ పెట్టండి. వచ్చే ఉద్దేశమే లేకుండా అక్కడినుంచే బెయిల్ అడిగితే కోర్టు మెచ్చదు.

లాయరుకి డబ్బు లేకపోతే జిల్లా కోర్టు ఆవరణలోనే న్యాయ సేవాధికార సంస్థ ఉంటుంది. మహిళలకి, ఎస్సీ, ఎస్టీలకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా లాయర్ని ఇస్తారు. 15100కి ఫోన్ చేసినా చాలు.

అయిదో పని: విచారణ రోజు

పిటిషన్ వేస్తే నంబరు పడి, నోటీసు పీపీ గారికి వెళుతుంది. ఆయన స్టేషన్ నుంచి సీడీ ఫైలు (కేసు డైరీ) తెప్పించుకోవడానికి వాయిదా అడుగుతారు. అటూ ఇటూ వారం, పది రోజులు. ముందస్తు బెయిల్ పిటిషన్లు ఆరు వారాల్లో తేల్చాలని 2022లో సుప్రీంకోర్టు అన్నది. జిల్లా కోర్టుల్లో మామూలుగా అంతకన్నా ముందే తేలుతుంది.

ఈ మధ్య కాలమే ప్రమాదం. పిటిషన్ వేశాం కాబట్టి ఇక పట్టుకోరు అన్నది ఊళ్లల్లో బాగా పాతుకుపోయిన భ్రమ. పిటిషన్ పెండింగులో ఉన్నంత మాత్రాన పోలీసుల చేతులు కట్టేసినట్టు కాదు. అందుకే మొదటి రోజే "తుది ఆర్డరు వచ్చేదాకా అరెస్టు చేయొద్దు" అని మధ్యంతర ఉత్తర్వు అడగమని లాయరుకి చెప్పండి. ఇవ్వాలని లేదు, కానీ అడగకపోతే అసలే రాదు. అరెస్టులకి శుక్రవారం సాయంత్రం, పండగ ముందు రోజు అంటే ఎందుకో మక్కువ ఎక్కువ. రెండో శనివారం కలిసొచ్చే వారాలూ, మే నెల సెలవులూ చూసుకుని ముందుగానే వేసుకోండి. సెలవుల్లో వెకేషన్ కోర్టు ఉంటుంది గానీ రోజూ కూర్చోదు.

పిటిషన్ తేలేదాకా మీ ఫోన్ ఆన్‌లోనే ఉంచండి. ఇంట్లోనే ఉంటారా, ఇంకెక్కడైనా ఉంటారా అన్నది లాయరుతో మాట్లాడుకోండి. ఫిర్యాదు చేసినవాళ్లకి మాత్రం నేరుగా గానీ, మధ్యవర్తితో గానీ ఫోన్ చేయకండి. "రాజీ పడదాం రా" అన్న మాటే రేపు "బెదిరించాడు" అని కౌంటర్లో కనిపిస్తుంది. రాజీ మాట్లాడాలంటే లాయర్ల ద్వారా.

డబ్బు కేసుల్లో టెన్షన్ పడి కోర్టులో "ఇంత కట్టేస్తాం సార్" అని ఒప్పేసుకోకండి. ముందస్తు బెయిల్ పిటిషన్ని బాకీ వసూలు దావాలా నడపకూడదని 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. మీ అంతట మీరే హామీ ఇచ్చి తర్వాత కట్టలేకపోతే మాత్రం అదే మీ మెడకు చుట్టుకుంటుంది.

ఆరో పని: ఆర్డరు వచ్చింది, ఇప్పుడేంటి?

స్వీట్లు పంచేసి ఆర్డరు కాపీని దేవుడి గూట్లో పెట్టుకున్నవాళ్లున్నారు. ఆర్డరు మొత్తం చదవండి, తెలుగులో చెప్పించుకోండి. సాధారణంగా ఇలా ఉంటుంది: ఇన్ని రోజుల్లోగా ఎస్‌హెచ్‌ఓ (స్టేషన్ ఇన్‌చార్జి అధికారి) ముందు, లేదా మేజిస్ట్రేట్ ముందు హాజరై, 20,000 రూపాయలకో ఎంతకో సొంత పూచీకత్తు, అంతే మొత్తానికి ఇద్దరు జామీనుదారుల్ని ఇవ్వాలి. ఆ గడువు 15 రోజులంటే 15 రోజులే. దాటితే మళ్లీ కోర్టుకి పొడిగింపు అడుక్కోవాలి.

జామీనుదారుల్ని ఆర్డరు వచ్చాక వెతకడం మొదలుపెడితే చుక్కలు కనిపిస్తాయి. పిటిషన్ వేసిన రోజే ఇద్దర్ని ఒప్పించి పెట్టుకోండి. వాళ్ల ఆధార్, ఇంటి పన్ను రసీదు, ఉద్యోగి అయితే జీతం సర్టిఫికెట్, రైతైతే పాస్‌బుక్. కొన్ని కోర్టులు తహసీల్దారు ఇచ్చిన సర్టిఫికెట్ కూడా అడుగుతాయి, దానికి కొన్ని రోజులు పడుతుంది. ఇప్పటికి ఎంతమందికి జామీను ఉన్నారో వాళ్లు డిక్లరేషన్ ఇవ్వాలి. మీరు పారిపోతే ఆ డబ్బు వాళ్లు కట్టాలి. ఈ సంగతి దాచకుండా చెప్పి తీసుకెళ్లండి. కోర్టు గేటు దగ్గర "ష్యూరిటీలు కావాలా సార్" అని పలకరించే బ్రోకర్ల జోలికి పోవద్దు. దొంగ రసీదులతో వచ్చిన జామీనుదారుడు దొరికిపోతే అతనితోపాటు మీమీదా కొత్త కేసు పడుతుంది, ఉన్న బెయిలూ పోతుంది.

స్టేషన్‌కి వెళ్లేటప్పుడు ఆర్డరు సర్టిఫైడ్ కాపీ, రెండు జిరాక్సులు, మీవీ జామీనుదారులవీ ఫొటోలు పట్టుకెళ్లండి. వీలైతే లాయరునో ఆయన జూనియర్నో వెంట తీసుకెళ్లండి. అరెస్టు చేసినట్టు కాగితం మీద రాస్తారు, అదే కూర్చున్నపాటున జామీను తీసుకుని వదిలేస్తారు. అరెస్టు అన్న మాట చూసి కంగారు పడకండి, ఆర్డరు పనిచేసేది ఇలాగే.

షరతులు

వారానికోసారి స్టేషన్లో సంతకం, పిలిచినప్పుడు విచారణకు రావడం, సాక్షుల జోలికి పోకపోవడం, కోర్టు అనుమతి లేకుండా దేశం దాటకపోవడం. ఇవి మామూలుగా ఉండేవే. సంతకం పెట్టిన ప్రతిసారీ తేదీ ఒక నోటుబుక్కులో రాసుకోండి, రిజిస్టరులో మీ సంతకం ఉన్న పేజీ ఫొటో తీసుకోనిస్తే తీసుకోండి. "రాలేదు" అని రద్దు పిటిషన్ వస్తే ఆ నోటుబుక్కే దిక్కు. జ్వరమొచ్చి వెళ్లలేకపోతే డాక్టరు చీటీతో అదే రోజు ఎస్‌హెచ్‌ఓకి రాసి పంపండి. పెళ్లికో, ఉద్యోగానికో వేరే ఊరు వెళ్లాల్సి వస్తే షరతు సడలించమని కోర్టునే అడగాలి. ఎస్ఐ గారు నోటిమాటగా "సరే వెళ్లిరా" అన్నది లెక్కలోకి రాదు.

విచారణలో అడిగినదానికి తెలిసింది చెప్పండి. నేరం ఒప్పుకోకపోవడం సహకరించకపోవడం కాదు. మీకు వ్యతిరేకంగా మీచేత సాక్ష్యం చెప్పించకుండా రాజ్యాంగం 20(3) అధికరణ అడ్డం ఉంది. వస్తువు స్వాధీనం చేసుకోవాల్సి ఉందని, అందుకు కస్టడీ కావాలని పోలీసులు అంటుంటారు. ముందస్తు బెయిల్ మీద ఉన్న మనిషి చూపించినా ఆ స్వాధీనం చట్టప్రకారం చెల్లుతుందని 2020 జనవరి 29న సుశీలా అగర్వాల్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. కోర్టు ప్రత్యేకంగా గడువు పెట్టకపోతే ఈ బెయిల్ కోర్టులో కేసు విచారణ (ట్రయల్) ముగిసేదాకా నడుస్తుందన్నది కూడా ఆ తీర్పే. ఛార్జిషీట్ వేయగానే అయిపోదు.

కొట్టేస్తే

ఆర్డరులో ఎందుకు కొట్టేశారో చదివి, ఆ లోటు పూడ్చుకుని హైకోర్టుకి వెళ్లండి. ఆంధ్రప్రదేశ్ వాళ్లకి అమరావతి, తెలంగాణ వాళ్లకి హైదరాబాద్. గట్టు కేసులో ఏ2, ఏ3, ఏ4 లకి సెషన్స్‌లోనే వచ్చింది. ఏ1కి కొట్టేశారు. హైకోర్టులో ఎదురు ఫిర్యాదు మీద కట్టిన ఎఫ్ఐఆర్‌ని కూడా జత చేశాక అతనికీ వచ్చింది. అదే కోర్టులో రెండోసారి వేయాలంటే కొత్తగా ఏదో మారి ఉండాలి, అదే పిటిషన్ తేదీ మార్చి వేస్తే చీవాట్లు తప్పవు. హైకోర్టులోనూ రాకపోతే సుప్రీంకోర్టు ఉంది గానీ, ఖర్చూ కాలమూ చూసుకుని కొన్నిసార్లు మేజిస్ట్రేట్ ముందు లొంగిపోయి అదే రోజు రెగ్యులర్ బెయిల్ అడగడం మంచి దారి అవుతుంది. దానికి లాయరు ముందుగానే పిటిషన్ టైపు చేయించి సిద్ధంగా ఉండాలి. మీరు మందులు వాడుతుంటే ఆ చీటీ జేబులో పెట్టుకుని, పొద్దున పదిన్నరకల్లా కోర్టు హాలు బయట ఉండండి.